వెనుక బయలుదేరిన దేశములు: రానల్డ్ డోర్ జపాను అధ్యయనములు



ఒక దేశపు జనులు పని చేయు తీరును, చదువుకొను తీరును, ఒకరినొకరు నమ్ము తీరును చూచి, ఇది వారి రక్తములోనే యున్నదనియో, వారి మతములోనుండి వచ్చినదనియో, వారి పూర్వుల సంస్కారమనియో చెప్పి ఊరకుండుట మిక్కిలి సులభము. జపానును గూర్చి ప్రపంచమంతయు చాల కాలము ఈ సులభమైన మాటనే చెప్పుకొన్నది, మనమును చెప్పుకొన్నాము. ఆ మాటతో తృప్తి పడక, టోక్యో నగరములోని ఒక పేట ప్రజల బ్రతుకును ఇల్లిల్లు తిరిగి కనుగొని, పల్లెలలో రైతుల చావడులలో కూర్చుండి, కర్మాగారములలో జీతముల పట్టీలు చదివి, రెండు వందల యేండ్లనాటి బడిపుస్తకములను విప్పి చూచి, ఈ ఆచారము ఎప్పుడు పుట్టినది, ఎవరి యవసరమునకు పుట్టినది, దానికి మూల్యము చెల్లించినవారెవరు అని జీవితాంతము అడుగుచు వచ్చిన పండితుడు రానల్డ్ డోర్. 1925లో ఇంగ్లాండునందలి బోర్న్‌మత్ పట్టణమున జన్మించి, 2018 నవంబరులో ఇటలీ దేశమున కన్నుమూసిన ఆ మహాశయుని స్మృతికై నేడు మాటాడు భాగ్యము నాకు కలిగినది. ఆయన గ్రంథములన్నింటిని వరుసగా పరిచయము చేయుట నా యుద్దేశము కాదు. ఆయన ఆలోచనకు వెన్నెముకవంటిదని నాకు తోచిన ఒక సూత్రమును పట్టుకొని, అది మన బడులవరకు ఎట్లు సాగివచ్చినదో చూపుటకు మాత్రమే ప్రయత్నించెదను. అభివృద్ధి మార్గమున ఒక దేశము ఎంత ఆలస్యముగా అడుగు పెట్టినదన్న దానిని బట్టియే ఆ దేశపు పనిశాలలును, పాఠశాలలును ఏ రూపము దాల్చునో చాలవరకు నిర్ణయమగునన్నదే ఆ సూత్రము.

రెండవ ప్రపంచయుద్ధకాలమున శత్రువుల భాష తెలిసినవారు కావలెనని బ్రిటిషు ప్రభుత్వము కొందరు పిన్నవయస్కులైన విద్యార్థులను ఏరి లండనులోని ప్రాచ్య విద్యాలయమునకు పంపినది. వారిలో డోర్ ఒకడు. యుద్ధము కొరకు నేర్చిన భాష ఆయనకు శాంతికాలమున జీవితవ్రతమైనది. 1950లో ఆయన టోక్యో చేరునప్పటికి ఆ నగరము ఇంకను బూడిదలోనుండి లేచుచున్న స్థితిలోనే యుండెను. మరుసటి సంవత్సరము, ఉయెనో ప్రాంతమునకు చేరువగా నున్న సుమారు 300 కుటుంబముల చిన్న పేట నొకదానిని ఎన్నుకొని, ఆ పేటకు మారుపేరు పెట్టి, అచటి జనుల బ్రతుకునంతయు ఆయన పరిశీలించెను. తలకు ఎన్ని చాపల స్థలము లభించుచున్నది, ఒకే వంటగదిని ఎన్ని సంసారములు పంచుకొనుచున్నవి, నెలాఖరునకు ఏ సామాను కుదువకు పోవుచున్నది, పితృదేవతల పీఠము ముందు ఇంకను అన్నము పెట్టువారెందరు, పెద్దకొడుకునకే ఆస్తియంతయు చెందు పాత గృహవ్యవస్థను 1947 నాటి క్రొత్త పౌరస్మృతి తొలగించిన పిదప తల్లిదండ్రులు తమ ముసలితనమును గూర్చి ఏమనుకొనుచున్నారు, ఇట్టి ప్రశ్నలన్నియు 1958లో వెలువడిన ‘సిటీ లైఫ్ ఇన్ జపాన్’ అను గ్రంథమున చోటు చేసికొన్నవి. ఓడిన దేశమును చూడవచ్చిన గెలిచిన దేశపు యువకుడు, దయ చూపవలసిన దీనులుగాను కాక, వింతగా చూడవలసిన పరజాతిగాను కాక, తన పొరుగువారిని చూచినట్లు ఆ జనులను చూచుట ఆ గ్రంథమందలి గొప్ప గుణము. తరువాతి ఆరు దశాబ్దములలో ఆయన దృష్టి మారలేదు.

ఆ గ్రంథమునకు మరుసటి యేడు వచ్చిన జపాను భూసంస్కరణల గ్రంథమును గూర్చి ఇచట కొంచెమే చెప్పెదను. 1946 అక్టోబరు చట్టము ప్రకారము ఊరిలో నివసింపని భూస్వాముల కౌలుభూమియంతయు, ఊరిలోనే యున్నవారి కౌలుభూమిలో ఒక ‘చో’కు, అనగా రమారమి రెండున్నర ఎకరములకు మించినదియు ప్రభుత్వము కొని రైతులకు అమ్మినది; హొక్కయిదో ద్వీపమున మాత్రము పరిమితి నాలుగు చోలు. సాగుభూమిలో దాదాపు సగమునకు చేరువగా నుండిన కౌలుభూమి కొలది సంవత్సరములలోనే పదింట ఒక వంతునకు దిగినది. ధర ధాన్యరూపమున గాక ధనరూపమున నిర్ణయింపబడుటచేతను, ఆనాటి ద్రవ్యోల్బణము ఆ ధనమును మ్రింగివేయుటచేతను, రైతు చెల్లించినది నామమాత్రమైనది. డోర్ దృష్టి నిలిచినది మాత్రము ఊరూర ఏర్పడిన భూసంఘములపైని. వానిలో కౌలుదారులు అయిదుగురు, భూస్వాములు ముగ్గురు, సొంత భూమి దున్నుకొనువారు ఇద్దరు. నిన్నటివరకు భూస్వామి యెదుట తల యెత్తి మాటాడని రైతు, నేడు బల్లకు ఆవలి ప్రక్కన కూర్చుండి ఆయన మళ్ళను లెక్కించినాడు. భూమి చేతులు మారుటకంటె ఈ కూర్చుండుటయే గ్రామ రాజకీయమును మార్చినదని డోర్ గ్రంథము చదివినవారికి తోచును. మన ఆంధ్రప్రదేశమున 1973 నాటి భూపరిమితి చట్టము భూస్వామి తానే దాఖలు చేయు ప్రకటనపైనను, ట్రిబ్యునళ్ళ విచారణపైనను ఆధారపడినది. కౌలుదారునకు సగము స్థానములిచ్చిన గ్రామసంఘము మన చట్టములో లేదు. ఈ భేదమును మన సంస్కరణల చరిత్రకారులు ఇంకను తగినంత తూచి చూడలేదని నా యభిప్రాయము.

ఇక 1965లో వెలువడిన ‘ఎడ్యుకేషన్ ఇన్ తొకుగవ జపాన్’. డోర్ గ్రంథములన్నింటిలో నాకు ప్రియమైనది ఇదియే. 1868లో మేజీ ప్రభుత్వము వచ్చి పడమటి విద్యను దిగుమతి చేసికొనుటచేతనే జపాను మేల్కొన్నదని లోకము నమ్మిన కాలమున, అంతకు పూర్వము రెండు శతాబ్దములకు పైగా తలుపులు మూసికొని యుండిన ఆ దేశములో ఎవరు చదివిరి, ఏమి చదివిరి, ఎందుకు చదివిరి అని ఆయన విచారించెను. సమురాయి యోధుల బిడ్డలకు సంస్థానముల పాఠశాలలుండెను. అచట కన్ఫ్యూషియసు గ్రంథములను అర్థము తెలియకముందే కంఠస్థము చేయించెడివారు. వర్తకుల బిడ్డలకు, రైతుల బిడ్డలకు ‘తెరకోయా’ అను చిన్న బడులుండెను. ఒక పురోహితుడో, ఉద్యోగము లేని సమురాయియో, కొంత చదివిన గ్రామపెద్దయో తన యింటనే పది ఇరువదిమంది పిల్లలను కూర్చుండబెట్టుకొని, ఉత్తరముల నమూనాలు వ్రాయించి దస్తూరి నేర్పుచు, పూసలచట్రముపై లెక్కలు చెప్పుచుండెను. సర్కారు ఉత్తరువు లేదు, సర్కారు సొమ్ము లేదు. తల్లిదండ్రులు పండుగనాడు ఇచ్చు బియ్యమో, బట్టయో, కొలది నాణెములో గురువునకు జీతము. అట్టి బడులచేతనే మేజీ యుగారంభమునాటికి మగపిల్లలలో 40 శాతమునకు పైబడినవారు, ఆడపిల్లలలో అంతకంటె చాల తక్కువమంది ఏదో యొక విధమైన బడిచదువు పొందియుండిరని డోర్ అంచనా వేసెను.

ఈ లెక్క వినగానే మన వీధి అరుగుల బడులు జ్ఞప్తికి రాకపోవు. మద్రాసు గవర్నరు థామస్ మన్రో తెప్పించిన నివేదికల ప్రకారము ఆ ప్రెసిడెన్సీలో 12,498 బడులును, 1,88,650 మంది విద్యార్థులును ఉండిరి; ఇండ్లలో చదువుకొను వారిని కూడ చేర్చినచో మగపిల్లలలో చదువుకొనువారు నాలుగవ వంతుకంటె మూడవ వంతునకే చేరువగా నుందురని 1826లో మన్రో తలచెను. దత్తమండలములోని బళ్ళారి జిల్లానుండి కలెక్టరు క్యాంబెల్ పంపిన నివేదికలో మన తెలుగు బడుల క్రమము, ఇసుకలో అక్షరములు దిద్దుట మొదలుకొని, సవిస్తరముగా వర్ణింపబడియున్నది. జపాను బడులకును మన బడులకును ఆనాడు అంతరము అంత పెద్దది కాదు. మరి యేబదియేండ్లు గడచునప్పటికి అంతరము పర్వతమైనది. కారణము మతము కాదు, జాతిగుణము కాదు. జపానులో 1872 విద్యాశాసనము వచ్చినప్పుడు ఆ పాత బడుల గురువులే, ఆ పాత బడుల గదులే, ఆ బడులకు పిల్లలను పంపు నలవాటున్న తల్లిదండ్రులే క్రొత్త ప్రాథమిక పాఠశాలలకు పునాదియైనారు. మన దేశమున గ్రామ బడికి ఆధారమైన మాన్యములును, ఊరి యాదాయమును పరప్రభుత్వపు శిస్తు లెక్కలలో కలిసిపోవుచుండ, క్రొత్తగా వచ్చిన ఇంగ్లీషు బడి కచ్చేరీ ఉద్యోగము కోరు కొలదిమందికే తలుపు తెరచినది.

అంతకంటెను లోతైన మాట నొకటి డోర్ ఆ గ్రంథమున చెప్పియున్నాడు. తెరకోయాలో పిల్లవాడు నేర్చిన విషయము స్వల్పమే. అయినను, శ్రద్ధతో కూర్చుండి నేర్చినచో తెలియని పనిని సైతము నేర్వవచ్చునన్న నమ్మకమును, శిక్షణకు లోబడు అలవాటును ఆ చిన్న బడి లక్షలాది సామాన్యులలో నాటినది. తరువాత పుట్టిన పరిశ్రమకు, సైన్యమునకు, క్రొత్త పద్ధతుల సేద్యమునకు ఆ అలవాటే మూలధనమైనది.

చదువును గూర్చి ఇంతటి ప్రేమతో వ్రాసిన మనిషియే పదునొకండు సంవత్సరముల పిదప, 1976లో, ‘ది డిప్లొమా డిసీజ్’ అను గ్రంథమును వ్రాసి, ఆధునిక ప్రపంచమున బడి చదువునే చంపుచున్నదని చాటెను. ఈ రెండు గ్రంథములకు వైరుధ్యమున్నదని తలంచువారు కలరు. నాకు మాత్రము రెండవది మొదటిదాని నుండి పుట్టిన దుఃఖముగా కనిపించును. ఇంగ్లాండు, జపాను, శ్రీలంక, కెన్యా, ఈ నాలుగింటిని ఆయన వరుసగా నిలిపి చూచెను. పరిశ్రమ మొదట పుట్టిన ఇంగ్లాండులో ఇంజనీరు పనిశాలలో పెద్దల చేతిక్రింద నేర్చి ఇంజనీరైనాడు. పరీక్షలు, పట్టములు చాల తరువాత వచ్చి చేరినవి. జపాను పరుగున వచ్చి అందుకొనవలసిన దేశము. దానికి న్యాయాధికారులు, ఇంజనీర్లు, వైద్యులు ఒక్కసారిగా కావలసివచ్చిరి. అందుచేత 1886లో ఇంపీరియల్ విశ్వవిద్యాలయమును నిర్మించి, తొలి రోజులలో అచటి న్యాయశాస్త్ర పట్టభద్రులను వేరు పరీక్ష లేకయే ప్రభుత్వోద్యోగమున చేర్చుకొన్నది. పట్టము బ్రతుకుతెరువునకు రాజద్వారమైనది. ఇంకను ఆలస్యముగా వచ్చిన శ్రీలంకలో, కెన్యాలో పొలమునకును కార్యాలయమునకును మధ్య జీతముల అంతరము మిక్కిలి పెద్దది. ఆ కొలది కార్యాలయోద్యోగములకు పోవు దారి పరీక్ష యొక్కటియే. నిన్న ఎనిమిదవ తరగతి చాలునన్న ఉద్యోగమునకు నేడు పది కావలెను, రేపు పట్టము కావలెను; పని మారలేదు, జీతము మారలేదు, కాగితము మాత్రము బరువెక్కినది. ఎంత ఆలస్యముగా బయలుదేరిన దేశమైన అంత విస్తారముగా ఉద్యోగములకు పట్టములే తూనికరాళ్ళగును, అంత వేగముగా పట్టముల విలువ పడిపోవును, అంతగా బడి పరీక్షకు దాసియగునని డోర్ తేల్చెను. 1971లో శ్రీలంకలో తిరుగుబాటు చేసిన యువకులలో పెక్కుమంది చదువుకొని పని దొరకనివారేయన్న సంగతి ఆయన మనస్సును కలచివేసినది.

సభాసదులారా, ఈ సిద్ధాంతమునకు నిదర్శనము వెదుకుటకు మనము ఓడ యెక్క నక్కరలేదు. ఇంటర్మీడియెట్ చదివిన చాలునన్న పోలీసు కానిస్టేబులు ఉద్యోగమునకు ఇంజనీరింగు పట్టభద్రులు, ఎం.ఏ.లు వరుసలు కట్టుచున్నారు. విజయవాడలోను, హైదరాబాదులోను తెల్లవారుజామున లేపి అర్ధరాత్రివరకు పిల్లలను గదులలో కూర్చుండబెట్టు కార్పొరేటు కళాశాలలు, కూడలి కూడలిలో ర్యాంకుల అంకెలతో నిలిచిన నిలువెత్తు ప్రకటనలు, ఆరవ తరగతినుండియే ఐఐటీ పేరు పెట్టి మొదలగు తరగతులు, ఫలితములు వెలువడిన వారమున పత్రికలలో వచ్చు బాలబాలికల ఆత్మహత్యల వార్తలు, ఇవన్నియు తెలుగువారి స్వభావదోషములని నిందించువారు డోర్ గ్రంథమును చదువవలెను. ఒక ఎకరము అమ్మి కొడుకును ఆ కళాశాలలో చేర్చిన రైతు మూఢుడు కాడు. తనకు కనబడు దారులలో సేద్యమునుండి బయటపడవేయునది అదియొక్కటియేయని సరిగా లెక్క వేసినవాడు. అందరును సరిగా లెక్క వేయుటచేతనే అందరును కలసి చెడుచున్నారు. ఈ విషయమున నాకు తండ్రులపైని కోపము లేదు. పిల్లలను గూర్చి మాత్రము తీరని బాధ గలదు.

దీనికి మందుగా డోర్ చెప్పినది వినదగినది. పిల్లలను పదునైదు పదునారేండ్ల వయస్సుననే ఉద్యోగమార్గములలో ప్రవేశపెట్టి, తరువాతి చదువును పనితోపాటు ఆ పనికి కావలసినంత నేర్పవలెననియు, ఉద్యోగమునకు ఎన్నుకొనుటలో పాఠములు వల్లించు పరీక్షకు బదులు సహజశక్తిని కొలుచు పరీక్షలను పెట్టవలెననియు, అవసరమైనచో చీట్లు తీయుటకైనను వెనుదీయరాదనియు ఆయన వాదించెను. మొదటి సూచనలో సత్యమున్నది. రెండవదానిని నేనంగీకరింపజాలను, మన నగరములలో సహజశక్తి పరీక్షకును శిక్షణాలయము వారము తిరుగకముందే వెలయును. పదునైదవయేటనే దారి నిర్ణయించినచో, ఇంట పుస్తకములు లేని దళిత బాలిక దారి ఆమె పుట్టుకయే నిర్ణయించును గదా. డోర్ చూపిన రోగనిదానమునకు నమస్కరించుచునే, చికిత్స విషయమున మనము స్వతంత్రముగా ఆలోచింపవలెను.

ఇదే సూత్రము కర్మాగారమున ఎట్లు పనిచేసినదో చూపిన గ్రంథము 1973 నాటి ‘బ్రిటిష్ ఫ్యాక్టరీ – జపానీస్ ఫ్యాక్టరీ’. ఇంగ్లీష్ ఎలక్ట్రిక్ కంపెనీవారి కర్మాగారములు రెండును, హిటాచీవారి కర్మాగారములు రెండును తీసికొని, చేరిక మొదలు విరమణవరకు కార్మికుని జీవితమును ఆయన ప్రక్కప్రక్కన పెట్టి చూపెను. ఇంగ్లాండులో జీతము పనికి అంటియుండెను. లేతు పనికింత, ఫిట్టరు పనికింత. పనివాడు తన వృత్తికిని, తన వృత్తిసంఘమునకును చెందినవాడు. నేడు ఈ కర్మాగారము, రేపు మరియొకటి. హిటాచీలో జీతము మనిషికి అంటియుండెను. వయస్సు, సేవాకాలము, చదువు, ప్రతిభ, సంసారభారము కలసి జీతము తేల్చెను. సంఘము సహితము ఆ కంపెనీ వారందరి సంఘమే గాని వృత్తిసంఘము కాదు. అంతకు పూర్వము 1958లో జేమ్స్ అబెగ్లెన్ అను అమెరికా పండితుడు, జపాను కర్మాగారము ప్రభుభక్తియుగపు అవశేషమనియు, కంపెనీ ప్రభువు, పనివాడు సామంతుడనియు ధ్వనించునట్లు వ్రాసియుండెను. డోర్ పాత పత్రములు తిరుగవేసి చూడగా, మేజీ కాలపు జపాను పనివాడు ఇంగ్లాండు పనివానికంటెను చంచలుడని తేలినది, మేస్త్రీల వెంబడి ముఠాలుగా వచ్చి, రెండణాలు ఎక్కువ దొరికినచోటికి పోవుచుండిరి, యజమానులు మొరపెట్టుకొనుచుండిరి. విదేశములనుండి దిగిన యంత్రములకు తగిన నైపుణ్యము దేశమున ఎచటను లేదు, కంపెనీయే నేర్పవలసివచ్చినది, నేర్పినవానిని పోనీయకుండ నిలుపుకొనవలసివచ్చినది. మొదటి ప్రపంచయుద్ధ కాలమునుండి పెద్ద కంపెనీలు బడినుండి నేరుగా పిల్లలను చేర్చుకొని, ఏటేట జీతము పెంచుచు, విరమణవరకు ఉంచుకొను పద్ధతిని కట్టుకొనుచు వచ్చినవి. 1945 తరువాత పనివారి సంఘములు పోరాడి, గుమాస్తాలకుండు గౌరవమును చేతిపనివారికిని ఇప్పించినవి. అనాదియని మనమనుకొన్న ఆచారమునకు వయస్సు ఇంతియే!

ఈ వ్యవస్థ పెద్ద కంపెనీలలోని స్థిరోద్యోగులైన పురుషులకే నీడనిచ్చినదన్న సంగతి డోర్ ఎరుగకపోలేదు. తాత్కాలిక కార్మికులను, పెండ్లి కాగానే ఇంటికి పోవలెనని ఎదురుచూడబడిన స్త్రీలను, చిన్న ఉపకర్మాగారముల వారిని ఆయన చూచెను, వ్రాసెను. అయినను ఆ గోడకు వెలుపలివారి చెమటయే లోపలివారి భద్రతకు మూల్యమైనదన్న మాటను ఆయన ఇంకను గట్టిగా చెప్పియుండవలసినదని నాకు తోచును. బ్రిటను సైతము క్రమముగా జపాను పద్ధతి దిక్కునకే నడచునన్న ఆయన ఊహను తరువాతి దశాబ్దముల చరిత్ర నిజము చేయలేదు.

1983లో లండనునందు హాబ్‌హౌస్ స్మారకోపన్యాసమును చేయుచు డోర్ నిషివాకి అను నేతపట్టణమును గూర్చి చెప్పెను. హ్యోగో రాష్ట్రమునందలి ఆ పట్టణమున పెద్ద మిల్లులు విడిపోయి, ఇంటింట కొలది మగ్గములు పెట్టుకొన్న చిన్న నేతకుటుంబములు మిగిలినవి. బట్ట వర్తకుని కొరకు తుది మెరుగు పెట్టు కార్ఖానా యొకటి యుండును. పొరుగు కార్ఖానావాడు క్రొత్త యంత్రము తెచ్చి తక్కువ ధరకు చేసి పెట్టెదననును. అప్పుడు వర్తకుడు పాతవానిని విడిచిపోడు. వానిని పిలిచి, పొరుగువాడు ఖర్చు తగ్గించినాడు, నీవును అట్టి యంత్రము తెచ్చుకొనుమని చెప్పి, వ్యవధినిచ్చి, బ్యాంకునకు సిఫారసు మాట కూడ చెప్పును. ఇట్టి పరస్పర బాధ్యత ఆర్థికశాస్త్రజ్ఞులు చెప్పు మేరకు నష్టదాయకము. కాని ఆ నమ్మిక వలన పెట్టుబడి ధైర్యముగా వచ్చును, నాణ్యము నిలుచును, వార్త త్వరగా పారును అని ఆయన వాదించెను. చీరాలలోను, సిరిసిల్లలోను మాస్టరు వీవరునకును నేతగానికిని గల సంబంధమును ఎరిగినవారు ఈ ఉపన్యాసమును చదివి తీరవలెను. బాధ్యత రెండు దిక్కుల పారునప్పుడు అది నమ్మిక యగును, ఒక దిక్కునకే పారునప్పుడు అప్పు యగును.

వార్ధక్యమున డోర్ జపాను మారుచుండుట చూచి మిక్కిలి నొచ్చుకొనెను. వాటాదారుని లాభమే కంపెనీకి పరమావధియన్న సిద్ధాంతమును అమెరికానుండి నేర్చి వచ్చిన అధికారులు, ఆచార్యులు ఆ దేశమున బలపడిరి. స్థిరోద్యోగము లేని యువకులు పెరిగిరి. 2014లో ఆయన జపాను భాషలోనే వ్రాసి ప్రకటించిన గ్రంథమునకు ‘గెన్‌మెత్సు’, అనగా భ్రమ తొలగుట, అని పేరు పెట్టెను. నేను ఆయన దుఃఖమును గౌరవింతును గాని, ఆయన సిద్ధాంతమే ఈ దుఃఖమునకు సమాధానమని కూడ తలంతును. అవసరము కట్టినదానిని మరియొక యవసరము విప్పగలదు. విప్పినదానిని మనుష్యులు మరల కట్టగలరు.

శ్రీసిటీలో నేడు జపాను కర్మాగారములు నిలిచియున్నవి. ఇసుజువారు 2016లో అచట మోటారుబండ్ల నిర్మాణము ప్రారంభించిరి, కోబెల్కోవారు త్రవ్వు యంత్రములను చేయుచున్నారు. తిరుపతి, నెల్లూరు ప్రాంతముల పల్లెలనుండి డిప్లొమా చేత బట్టుకొని అచట చేరిన యువతీయువకులను గూర్చి డోర్ పద్ధతిలో విచారణ చేయువారు ఈ సభలోని విద్యార్థులలోనుండియే రావలెనని కోరుచున్నాను. చేరునప్పుడు ఏ కాగితము చూచిరి, ఆ కాగితములోని చదువు పనికి ఎంత అక్కరకు వచ్చినది, ఎందరు స్థిరోద్యోగులు, ఎందరు కాంట్రాక్టువారు, అయిదవ యేట జీతము మొదటి యేటికంటె ఎంత పెరిగినది, మేనేజరుకును పనివానికిని భోజనశాల ఒక్కటియేనా, పెండ్లియైన స్త్రీ తిరిగి పనికి వచ్చినదా, సంఘము కలదా, యుండిన ఎవరి సంఘము? ఈ ప్రశ్నలతో మొదలుపెట్టి, ఒక యేడు అచటనే కాపురముండి, వారి జీతపు కాగితములను, వారి తల్లిదండ్రుల అప్పుపత్రములను ప్రక్కప్రక్కన పెట్టి చదువవలెను.